బాతు పిల్లల పెంపకం అంతా నీటి లెక్కే

మొదటిసారి బాతు గుడ్లు పొదిగించినప్పుడు 23వ రోజున నేను ఒక గుడ్డు పగలగొట్టి చూశాను. కోడిగుడ్లయితే 21వ రోజుకే పిల్లలు అవుతాయి. రెండు రోజులు దాటినా చడీచప్పుడూ లేకపోయేసరికి అన్నీ మురిగిపోయాయని అనుకున్నాను. లోపల పిల్ల ఉంది, ప్రాణంతో ఉంది. చప్పిడి ముక్కు, వేళ్ల మధ్య పొర, ఒంటికి అంటుకుపోయిన తడి నూగు, అన్నీ ఏర్పడ్డాయి. పచ్చసొన మాత్రం ఇంకా పొట్టలోకి పోకుండా బయటే వేలాడుతోంది. అరచేతిలో కాసేపు కదిలి ఆగిపోయింది. బాతు గుడ్డుకు 28 రోజులు పడుతుంది. ఇంకో ఐదు రోజులు ఓపిక పట్టి ఉంటే ఆ పిల్ల తనంతట తానే బయటికి వచ్చేది.

ఆ తప్పు నాకొక్కడికే జరిగింది కాదని తరువాత తెలిసింది. మన పల్లెల్లో కోళ్లు పెంచని ఇల్లు అరుదు. పొదుగు, పిల్లల సాకుడు, దాణా గురించి మనకు తెలిసిందంతా కోడి దగ్గర నేర్చుకున్నదే. బాతు గుడ్లు చేతికి రాగానే ఆ తెలివినంతా వాటి మీద ప్రయోగిస్తాం. సగం చోట్ల పని చేస్తుంది, మిగతా సగం చోట్ల పిల్లలు చచ్చిపోతాయి. ఎక్కడ పని చేయదో వెతుక్కుంటూ పోతే ప్రతిచోటా కనిపించేది ఒక్కటే: నీరు. గుడ్డులోంచి ఎంత నీరు బయటికి పోవాలి, పిల్ల ముక్కుకు ఎంత నీరు అందాలి, ఒంటి మీద నీరు ఎప్పుడు పడవచ్చు, ఎప్పుడు పడకూడదు. ఈ లెక్క అర్థమైతే బాతును సాకడం కోడిని సాకడం కన్నా తేలికని నేను ఇప్పుడు గట్టిగా నమ్ముతున్నాను.

పొదగని తల్లి

ముందు ఎదురయ్యే చిక్కు, తల్లి బాతు చాలావరకు పొదుగుకు కూర్చోదు. గుడ్ల కోసం మన దగ్గర ఎక్కువగా పెంచే ఖాకీ క్యాంప్‌బెల్ సంగతే చూడండి. ఇంగ్లండులోని గ్లోస్టర్‌షైర్‌లో అడెల్ క్యాంప్‌బెల్ అనే ఇల్లాలు 19వ శతాబ్దం చివర్లో ఇండియన్ రన్నర్, రువాన్, అడవి మల్లార్డ్ బాతులను కలిపి ఈ జాతిని తయారుచేసింది. బాగా సాకితే ఏడాదికి 300 దాకా గుడ్లు పెడుతుంది. పొదుగుకు కూర్చున్న పక్షి గుడ్లు పెట్టడం ఆపేస్తుంది కాబట్టి, గుడ్ల సంఖ్య కోసం తరతరాలుగా ఏరుకుంటూ వచ్చినకొద్దీ ఆ జాతిలో పొదిగే గుణం అణగిపోయింది. కోతలయ్యాక వరి చేలల్లో వందల బాతులను తోలుకుంటూ తిరిగే మేపరులను డెల్టాలో చూసే ఉంటారు. ఆ మందల్లోని బాతులు రాత్రి ఆపిన చోటే తెల్లవారేలోగా గుడ్లు పెట్టేసి లేచిపోతాయి, మళ్లీ వెనక్కి చూడవు.

మస్కోవీ బాతు మాత్రం దీనికి పూర్తిగా వేరు. ముఖం మీద ఎర్రటి బుడిపెలతో, అరవకుండా బుసకొట్టినట్టు శబ్దం చేసే ఈ బాతు పుట్టిల్లు దక్షిణ, మధ్య అమెరికాలు. మిగతా పెంపుడు బాతులన్నీ మల్లార్డ్ సంతతి అయితే ఇది వేరే జాతి. చక్కగా పొదుగుతుంది. దాని గుడ్డుకు 35 రోజులు పడుతుంది. ఈ రెండు రకాల గుడ్లను ఒకే గంపలో కలిపి పెట్టకండి.

తల్లి కూర్చోనప్పుడు రెండు దారులు మిగులుతాయి. ఒకటి పొదుగుకు వచ్చిన నాటుకోడి పెట్ట, రెండోది బల్బు వేడితో గుడ్లు పొదిగించే పెట్టె. పెట్ట కింద కోడిగుడ్లయితే పన్నెండు దాకా సర్దుకుంటాయి గాని, బాతు గుడ్లు పెద్దవి కాబట్టి ఎనిమిది, తొమ్మిదికి మించి పెట్టకూడదు. చలికాలంలో ఇంకా తగ్గించాలి. ఆ బరువైన గుడ్లను అది సరిగా తిప్పలేకపోవచ్చు. మేతకు లేచినప్పుడు మనమే తిప్పాలి. ఇక వారం రోజులు అదనంగా కూర్చోవాలి కాబట్టి అది చిక్కిపోతుంది. గూటి పక్కనే గింజలు, నీళ్లు పెట్టడం, కూర్చోబెట్టే ముందు పేలు లేకుండా చూసుకోవడం మన బాధ్యత. మరొకరి పిల్లల కోసం నెల రోజులు కదలకుండా కూర్చునే ఆ పెట్టకు ఆ మాత్రం చేయడం న్యాయం.

గుడ్డు నిద్రపోవాలి

పెట్టెకూ పెట్టకూ ముందు ఇంకో దశ ఉంది. చాలా పొదుగులు అక్కడే చెడిపోతాయి, కాని ఆ తప్పును ఎవరూ పట్టించుకోరు. ఏడెనిమిది గుడ్లు పోగవడానికి రోజులు పడతాయి. అన్ని రోజులు వాటిని ఎక్కడ పెట్టారు?

గుడ్డు తల్లి ఒంట్లోంచి బయటపడేసరికే పిండం పెరుగుదల మొదలై ఉంటుంది. బయట చల్లబడగానే ఆ పెరుగుదల ఆగి నిద్రలోకి పోతుంది. ఆ నిద్ర చెడకుండా ఉండాలంటే వేడి 20 డిగ్రీలు దాటకూడదు. 13 నుంచి 18 డిగ్రీల మధ్య ఉంటే మరీ మంచిది. ఏప్రిల్‌లో మన వంటగది 35 డిగ్రీల దగ్గర ఉంటుంది. ఆ వేడికి పిండం పూర్తిగా నిద్రపోదు, పూర్తిగా పెరగదు. సగం సగం పెరిగి బలహీనపడి, పొదుగు మొదలైన నాలుగైదు రోజులకే చచ్చిపోతుంది. గుడ్డు కొట్టి చూస్తే ఏమీ కనిపించక "మగ బాతు సరైనది కాదు" అనుకుంటాం. ఫ్రిజ్‌లో పెడితే నాలుగైదు డిగ్రీల చలికి అసలుకే మోసం. నేను చేసేదేమిటంటే, కొత్త మట్టి కుండను తడి ఇసుకలో సగం దాకా పాతి, నీడలో పెట్టి, మూతి మీద తడి గుడ్డ కప్పుతాను. గుడ్లను లోపల మొనదేలిన వైపు కిందికి వచ్చేలా నిలబెడతాను. మే నెలలో అది కూడా చాలదు. అందుకే కార్తీకం నుంచి శివరాత్రి లోపల తప్ప నేను గుడ్లు పొదిగించను. ఎలా చూసినా వారం దాటిన గుడ్డును నమ్ముకోవద్దు.

గుడ్డును కడగవద్దు. పెంకు మీద కంటికి కనిపించని పల్చటి పూత ఒకటి ఉంటుంది, క్రిములను అదే ఆపుతుంది. బాతులు బురదలోనే గుడ్లు పెడతాయి కాబట్టి కడగాలనిపిస్తుంది. కడిగే బదులు పొదుగుకు శుభ్రమైన గుడ్లే ఏరుకుని, మాసినవి వంటకు వాడుకోవాలి. మురిగిన బాతు గుడ్డు పెట్టెలో పగిలిందంటే ఆ కంపు సంగతి అలా ఉంచండి, పక్కనున్న మంచి గుడ్లకూ క్రిములు అంటుతాయి.

తొమ్మిది గ్రాముల లెక్క

ఇక పెట్టె. థర్మోకోల్ పెట్టె, బల్బు, వేడి చూసి దాన్ని ఆర్పి వెలిగించే థర్మోస్టాట్, పాత కంప్యూటర్‌లోని చిన్న ఫ్యాను ఉంటే ఇంట్లోనే తయారవుతుంది. ఫ్యాను తిరిగే పెట్టెలో 37.5 డిగ్రీలు ఉండాలి. ఫ్యాను లేకపోతే గుడ్ల పైఅంచు దగ్గర కొలిచి 38 దాటి కొంచెం ఉంచాలి. కరెంటు గంట సేపు పోయినా గుడ్డు తట్టుకుంటుంది. తల్లి కూడా మేతకు లేచి పోతుంది కదా. వేడి ఎక్కువైతే మాత్రం తట్టుకోలేదు. 40 డిగ్రీలు దాటి కాసేపు నిలిస్తే పిండాలు పోతాయి.

వేడి సంగతి అందరూ జాగ్రత్తగానే చూస్తారు. తేమ దగ్గర తడబడతారు. పెట్టెలో గిన్నెడు నీళ్లు పెట్టమని ఎవరో చెబుతారు, పెడతాం. ఎందుకు, ఎంత అన్నది చెప్పేవారు తక్కువ.

గుడ్డు పెంకుకు వేల కొద్దీ సన్నని రంధ్రాలు ఉంటాయి. 28 రోజులూ లోపలి నీరు ఆవిరై వాటిగుండా పోతూనే ఉంటుంది. పోయిన నీటి చోటులోకి గాలి చేరి, మొద్దు వైపు గాలి అర పెద్దదవుతూ వస్తుంది. పిల్ల ఊపిరి పీల్చే మొదటి గాలి అదే. నీరు తక్కువగా పోతే గాలి అర చిన్నదైపోయి, ఉబ్బిన పిల్ల పెంకులోనే ఊపిరాడక పోతుంది. ఎక్కువగా పోతే లోపలి పొర ఎండి తోలులా బిగుసుకుని పిల్లను కట్టేస్తుంది. 25వ రోజుకు గుడ్డు తన బరువులో 13 శాతం దాకా కోల్పోయి ఉండాలి. 70 గ్రాముల గుడ్డు 61 గ్రాములకు దిగాలి. ఆ తొమ్మిది గ్రాముల నీటి మీదే అంతా ఆధారపడి ఉంది.

ఇప్పుడు ఒకే పెట్టెను రెండు చోట్ల పెట్టి చూద్దాం. ఆగస్టులో భీమవరం గాలి 30 డిగ్రీల వేడితో, 80 శాతం తేమతో ఉందనుకోండి. ఆ గాలే పెట్టెలోకి వచ్చి 37.5కు వేడెక్కితే దాని తేమ దాదాపు 53 శాతానికి పడిపోతుంది. గాలి వేడెక్కినకొద్దీ దానికి దాహం పెరుగుతుంది, అంతే. బాతు గుడ్లకు చెప్పే 55 శాతానికి అది చాలా దగ్గర. అంటే అక్కడ గిన్నె అడుగున గుక్కెడు నీళ్లు ఉంటే సరిపోతుంది. ఏప్రిల్‌లో మహబూబ్‌నగర్ గాలి 35 డిగ్రీల వేడితో, 25 శాతం తేమతో ఉంటే పెట్టెలో అది 22 శాతమే అవుతుంది. అక్కడ వెడల్పాటి పళ్లెం, దాంట్లో నిలబెట్టిన తడి స్పాంజి కావాలి. కోస్తాలో ఒకరు చెప్పిన గిన్నె కొలత తెలంగాణలో ఇంకొకరి గుడ్లను ఎండబెట్టేది ఇందుకే. ఎవరి కొలతా నమ్మవద్దు, గుడ్డునే తూచండి. వంటింటి డిజిటల్ తూకం చాలు. పెట్టే రోజు బరువును పెన్సిల్‌తో పెంకు మీదే రాసి, వారానికోసారి తూచి, తగ్గుదల వేగంగా ఉంటే నీళ్లు పెంచాలి, నెమ్మదిగా ఉంటే తగ్గించాలి.

పెన్సిల్‌తో ఇంకో పని ఉంది. ఒక వైపు సున్నా, రెండో వైపు ఇంటూ గుర్తు వేస్తే తిప్పడం మరిచిపోము. తిప్పకపోతే పిండం లోపలి పొరకు అతుక్కుపోతుంది. రోజుకు మూడుసార్లు గాని ఐదుసార్లు గాని, బేసి లెక్కన తిప్పాలి. రాత్రి పొద్దు చాలా పెద్దది. బేసి లెక్క అయితే నిన్న రాత్రి పైన ఉన్న వైపు ఇవాళ రాత్రి కిందికి పోతుంది.

ఎనిమిదో రోజు నుంచి బాతు గుడ్లకు ఇంకో సేవ జరగాలి. రోజుకు ఒకసారి పది, పదిహేను నిమిషాలు పెట్టె మూత తీసి చల్లబరిచి, గోరువెచ్చని నీళ్లు పల్చగా చిలకరించాలి. గుడ్డులోంచి నీరు పోవాలంటూనే పైన నీళ్లు చల్లమనడం ఏమిటని నాకూ సందేహం వచ్చేది. పొదిగే తల్లి బాతు రోజూ లేచి నీళ్లలో దిగి, తడి రెక్కలతో తిరిగొచ్చి కూర్చుంటుంది. పెరిగిన పిండం తానే వేడి పుట్టిస్తుంది, పెద్ద గుడ్డులోంచి ఆ వేడి తొందరగా బయటికి పోదు. తడి ఆరేటప్పుడు ఆ వేడిని లాగేస్తుంది. కోడిపెట్ట తడిసి రాదు కాబట్టి దాని కింద పెట్టినా ఈ చిలకరింపు మనమే చేయాలి.

చీకట్లో ఒక దీపం

ఏడో రోజు రాత్రి గదిలో దీపాలన్నీ ఆర్పి, ఫోను టార్చి మీద గుడ్డు మొద్దు వైపు ఆనించి చూడండి. బాతు పెంకు తెల్లగా గాని, లేత నీలంగా గాని ఉంటుంది కాబట్టి గోధుమరంగు కోడిగుడ్డు కన్నా లోపల ఎంతో స్పష్టంగా కనిపిస్తుంది. నారింజ రంగు వెలుగులో సాలీడు కాళ్లలా చీలిన ఎర్రని నరాలు, వాటి నడుమ నల్లటి చుక్క, ఆ చుక్కలో టకటకమంటూ ఒక కదలిక. ఎన్నిసార్లు చూసినా నాకు ఆ క్షణం ఊపిరి బిగపట్టినట్టే ఉంటుంది. నరాలేమీ లేకుండా తేటగా ఉంటే ఆ గుడ్డు గొడ్డుది. నరాలు చెదిరి ఎర్రని ఉంగరంలా మిగిలితే పిండం పోయింది. రెండింటినీ తీసేయాలి.

25వ రోజున తిప్పడం, చిలకరించడం ఆపేయాలి. తేమను 70 శాతం దాటించి, ఇక మూత తీయకూడదు. 26, 27 రోజుల్లో పిల్ల లోపలి పొరను చీల్చి గాలి అరలోకి ముక్కు పెడుతుంది. చెవి ఆనిస్తే గోరుతో గీకినంత సన్నని టిక్కు టిక్కు వినిపిస్తుంది. తరువాత పెంకు మీద నక్షత్రంలా చిన్న పగులు వస్తుంది. ఆ తరువాత ఒక పూటో, ఒక రోజో, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువో ఏమీ జరగదు. మన ఓర్పుకు అసలు పరీక్ష ఇక్కడే. పిల్ల అలసిపోయిందనుకుంటాం. నిజానికి ఆ సమయంలో అది పొర మీది నరాల్లోని రక్తాన్ని, మిగిలిన పచ్చసొనను ఒంట్లోకి లాక్కుంటూ ఉంటుంది. సాయం చేద్దామని పెంకు ఒలిస్తే ఆ నరాలు తెగి రక్తం కారుతుంది. పని పూర్తయ్యాక పిల్ల గుండ్రంగా తిరుగుతూ పెంకును మూతలా కోసుకుని తానే వస్తుంది. ఒంట్లోకి చేరిన ఆ పచ్చసొన వల్లే రెండు రోజుల దాకా మేత లేకపోయినా దానికేమీ కాదు. నూగు ఆరి విప్పారేదాకా పెట్టెలోనే ఉండనివ్వండి.

తామరాకు కాని పిల్ల

పెద్ద బాతు ఒంటి మీద నీరు తామరాకు మీది బొట్టులా జారిపోతుంది. తోక మొదట్లో ఉన్న నూనె గ్రంథిని ముక్కుతో నొక్కి ఈకలన్నింటికీ పూసుకోవడం వల్ల అలా జరుగుతుంది. పిల్లకు ఆ గ్రంథి ఇంకా సరిగా పనిచేయదు. తల్లి రెక్కల కింద పెరిగితే తల్లి నూనె దాని నూగుకు అంటుతుంది, రెండో రోజే నీళ్లలో దిగినా ఏమీ కాదు. పెట్టెలో పుట్టినదానికి, కోడి కింద పుట్టినదానికి ఆ నూనె ఎక్కడిది? బాతు పిల్లే కదా అని తొట్టిలో వేస్తే ముద్దగా తడిసి, చలికి ముడుచుకుని, మునిగిపోతుంది. బాతు పిల్ల నీళ్లలో మునిగి చావడం వినడానికి వింతగా ఉన్నా, ఇళ్లలో ఎక్కువగా జరిగేది అదే. మూడు నాలుగు వారాల దాకా ఎండ పొద్దున వెడల్పాటి పళ్లెంలో ఐదు నిమిషాలు, అదీ మన కళ్లముందే ఆడనిచ్చి, ఆరబెట్టి వెచ్చగా ఉంచాలి.

మరోవైపు తాగే నీరు కోడిపిల్లకు సరిపోయేంత లోతులో ఉంటే దీనికి చాలదు. ముక్కు రంధ్రాలు మునిగేంత లోతు కావాలి. మేత ముక్కులో అట్టకట్టుకుపోతుంది, దాన్ని కడుక్కోకపోతే ఊపిరాడదు, కళ్లు పుసికట్టి వాస్తాయి. ముక్కు మునగాలి, ఒళ్లు మునగకూడదు. నేను లోతైన మట్టి మూకుడులో గులకరాళ్లు పేర్చి, వాటి సందుల్లో ముక్కు దిగేలా పెడతాను. మేత తినగానే పరుగెత్తి నీళ్లు తాగడం వాటి అలవాటు. మేత ఉన్నంతసేపూ నీళ్లు ఉండాల్సిందే. రాత్రి నీళ్లు తీసేస్తే మేత కూడా తీసేయండి, లేకపోతే పొడి మేత గొంతుకు అడ్డం పడుతుంది.

మొదటి వారం 32 డిగ్రీల వెచ్చదనం, ఆపైన వారానికి మూడు డిగ్రీల చొప్పున తగ్గింపు. పిల్లలు బల్బు కింద ఒకదాని మీద ఒకటి పడుతుంటే చలి, మూలలకు పారిపోతుంటే వేడి. కింద వార్తాపత్రిక పరచకండి, కాళ్లు జారి జీవితాంతం చీలిపోయినట్టు ఉండిపోతాయి. గోనెసంచి పరిస్తే పట్టు దొరుకుతుంది.

దాణాలో రెండు ఉచ్చులు

కోడిపిల్లల దాణానే తడిపి పెట్టవచ్చు, చాలామంది అదే చేస్తారు. అయితే రెండు విషయాలు తెలియాలి. బాతు పిల్లకు నియాసిన్ అనే బి విటమిన్ కోడిపిల్లకన్నా దాదాపు రెట్టింపు కావాలి. కిలో దాణాలో 55 మిల్లీగ్రాముల దాకా ఉండాలి. మొక్కజొన్నలో ఉన్న నియాసిన్ కూడా దాని ఒంటికి పెద్దగా పట్టదు. అది చాలకపోతే రెండు, మూడు వారాల వయసులో కాళ్లు దొడ్డికాళ్లవుతాయి, మోకీలు వాస్తుంది, పిల్ల నడవలేక కూలబడుతుంది. పోలియో లాంటిదేదో వచ్చిందనుకుని వదిలేసిన పిల్లలను చూశాను. దాణాలో ఈస్టు పొడి కలిపితే ముందే ఆపవచ్చు. మొదట్లోనే గుర్తిస్తే తిరిగి కోలుకుంటాయి కూడా.

రెండోది ఇంకా ప్రమాదం. 1960లో ఇంగ్లండులో లక్షకు పైగా టర్కీ కోళ్లు కారణం తెలియకుండా చచ్చిపోయాయి. బాతు పిల్లలు కూడా పోయాయి. వెతగ్గా వెతగ్గా అది దాణాలో కలిపిన వేరుశనగ చెక్కకు పట్టిన బూజు పని అని తేలింది. ఆ విషానికే తరువాత అఫ్లాటాక్సిన్ అని పేరు పెట్టారు. దానికి బాతు పిల్లలు ఎంత సున్నితమంటే, ఆహారంలో ఆ విషం ఉందో లేదో తేల్చడానికి ప్రయోగశాలల్లో చాలాకాలం రోజుల వయసు బాతు పిల్లలనే వాడేవారు. వేరుశనగ చెక్క మనకు చవకగా, తేలికగా దొరికే దాణా. వానాకాలంలో తడిసిన చెక్క, ముక్క వాసన వచ్చిన మొక్కజొన్న కోడి తిని తట్టుకుంటుందేమో గాని బాతు పిల్ల తట్టుకోదు. నేను బాతులకు వేరుశనగ చెక్క పూర్తిగా మానేశాను. తడిపిన మేత మిగిలితే అదే పూట పారేస్తాను. నూకలు, తవుడు, చిన్న నత్తలు, వానపాములు, నీటి మీద తేలుతూ పెరిగే అజొల్లా మొక్క వీటితో పెద్ద బాతులు హాయిగా బతుకుతాయి.

పెరిగాక

నెల దాటితే కష్టం తీరినట్టే. చెరువు ఉండాలన్నది అపోహ. తల మొత్తం ముంచి ఒళ్లు కడుక్కోగలిగేంత, అడుగు లోతు తొట్టి చాలు. ఆ నీళ్లు మాత్రం పూటకల్లా బురదవుతాయి. రోజూ ఒంపి అరటి మొదళ్లకు పోస్తే వాటికి అంతకన్నా ఎరువు అక్కర్లేదు. రాత్రి కుక్కల నుంచి, ముంగిస నుంచి కాపాడే గట్టి గూడు తప్పనిసరి. ఎక్కువగా తెల్లవారుజాము నుంచి తొమ్మిది గంటల లోపల గుడ్లు పెడతాయి కాబట్టి అప్పటిదాకా గూట్లోనే ఉంచితే గుడ్లు పొదల్లో పోవు. బాతు గుడ్డును బాగా ఉడికించే తినాలి, సగం ఉడికినది పిల్లలకు పెట్టకండి.

కొల్లేరు లాంటి చోట్ల, వలస పక్షులు దిగే చెరువుల పక్కన ఉండేవారు ఇంకొంచెం కఠినంగా ఉండాలి. బర్డ్ ఫ్లూ వైరస్‌ను బాతులు ఏ లక్షణమూ లేకుండా మోయగలవు, అదే వైరస్ కోళ్లను రోజుల్లో తుడిచిపెడుతుంది. 2025 ఫిబ్రవరిలో గోదావరి జిల్లాల కోళ్ల ఫారాలకు ఏమైందో అందరం చూశాం. ఇంటి బాతులను అడవి బాతులు దిగే నీళ్లలోకి వదలకుండా, కోళ్లతో కలిపి ఒకే గూట్లో ఉంచకుండా జాగ్రత్త పడాలి. ఒకేసారి రెండు, మూడు పక్షులు పోతే పూడ్చి ఊరుకోకుండా పశువైద్యుడికి చెప్పాలి. బాతు ప్లేగు, బాతు కలరా టీకాలు ఏ వయసులో వేయించాలో కూడా ఆయననే అడగండి.

ఇదంతా మొదలుపెట్టకముందే ఇంట్లో ఒక మాట అనుకోవాలి. పుట్టిన పిల్లల్లో దాదాపు సగం మగవి అవుతాయి. ఐదారు ఆడ బాతులకు ఒక మగది చాలు. అంతకన్నా ఎక్కువైతే ఆడవాటి మెడ ఈకలు ఊడిపోయి పుండ్లు పడేదాకా వెంటపడతాయి. ఏడెనిమిది వారాలకు గొంతులు విడిపోతాయి. బిగ్గరగా గాక్కు గాక్కుమని అరిచేది ఆడది, జలుబు చేసినట్టు బొంగురుగా గురగురలాడేది మగది. ఇంకొన్నాళ్లకు మగదాని తోక మీద ఒకటి, రెండు ఈకలు పైకి ఉంగరం తిరుగుతాయి. కిందటి సంక్రాంతికి నా దగ్గర పొదిగిన ఎనిమిదింట్లో నాలుగు మగవి. ఒకటి ఉంచుకున్నాను. మిగతా మూడింటిని, చేలల్లో మంద మేపుకునే ఒకాయన వచ్చి తట్టలో పెట్టుకుని తీసుకుపోయాడు. గేటు దాటేదాకా మా పెరట్లో ఉన్న ఐదూ తలలెత్తి అరుస్తూనే ఉన్నాయి.